బువ్వమ్మ

పోయిన నెల ఒకరోజు ఇంకా తెల్లవారకముందే ఊరి నుంచి ఫోనొచ్చింది. "టీచరమ్మా, బువ్వమ్మ పోయింది" అన్నాడు అవతలి అబ్బాయి. ఆ తర్వాత ఇద్దరం కాసేపు మాట్లాడలేదు. వాడికిప్పుడు ముప్పై దాటాయి, ఇద్దరు పిల్లల తండ్రి. మూడేళ్లప్పుడు అంగన్‌వాడీ గుమ్మం పట్టుకుని లోపలికి రానని ఏడ్చినవాడు. ఆ రోజు వాడి వేళ్లు ఒక్కొక్కటే విడదీసి, చంకనేసుకుని, వసారాలో తిప్పుతూ ఊరుకోబెట్టింది ఆవిడే.

ఆవిడ అసలు పేరు గౌరవ వేతనం పట్టీలో తప్ప ఎక్కడా వినిపించేది కాదు. రికార్డుల్లో ఆయా, తర్వాత్తర్వాత సహాయకురాలు. ఊళ్లో పెద్దవాళ్లకు ఆయమ్మ. పిల్లలకు బువ్వమ్మ. ఏ బిడ్డ మొదట అలా పిలిచిందో గుర్తులేదు. నాకంటే పదేళ్లు పెద్దది కాబట్టి నేను అక్కా అనేదాన్ని. ఇరవై మూడేళ్లు ఒకే గదిలో పనిచేశాం. నేను టీచర్ని, ఆవిడకు వేలిముద్రే సంతకం. అయినా ఆ పల్లెలో పిల్లలకు తొలి చదువు చెప్పిందెవరని అడిగితే నేను ఆవిడనే చూపిస్తాను. ఈ మాట ఆవిడ బతికుండగా ఆవిడతో అనలేదు. అందుకే ఇప్పుడు రాస్తున్నాను.

*

ఒంగోలుకి దక్షిణాన, పొగాకు పండే మెట్ట పల్లె అది. పంచాయతీవాళ్లు ఇచ్చిన ఒంటి పెంకుటి గది, ముందు వసారా, దాని ముందు వేపచెట్టు. వసారాలో ఒక పొడవాటి చెక్కబల్ల ఉండేది, ఏ పాత బడి నుంచో మోసుకొచ్చింది. పొద్దున నేను వెళ్లేసరికి ఆవిడ చీపురు చప్పుడు వినిపించేది. చిమ్మడం అయ్యాక నీళ్లు చల్లేది. ఆ తడి మట్టి వాసనలోకి పొయ్యి పొగ, గోధుమరవ్వ వేగే వాసన వచ్చి కలిసేవి. ఇప్పటికీ ఎక్కడైనా కట్టెల పొయ్యి మీద రవ్వ వేగుతుంటే నా చెయ్యి హాజరుపట్టీ కోసం వెతుక్కుంటుంది.

పొయ్యి మీద నీళ్లు పెట్టి, నన్ను చూస్తూ ఉండమని చెప్పి, పిల్లల కోసం ఇంటింటికీ బయల్దేరేది. తిరిగొచ్చేటప్పుడు చంకలో ఒకరు, కొంగు పట్టుకుని ఇద్దరు, వెనకాల మిగతావాళ్లు. దారి పొడుగునా మాటలే. "అదిగో గేదె. ఏం చేస్తంది? నెమరేస్తంది. నువ్వేం తిన్నావు పొద్దున్నే?" అని అడిగి ఆగేది. ఆ ఆగడం గురించి చెప్పాలి నేను. ఏడాదిన్నర బిడ్డ నోరు తెరిచి ఏదో ఒక శబ్దం చేసేదాకా నడక ఆపి మరీ చూసేది. బిడ్డ "బూ" అంటే, "అవునా, బువ్వ తిన్నావా? పెరుగేసుకున్నావా?" అని దానికి జవాబిచ్చేది. మళ్లీ ఆగేది. ఇలా ముప్పైమందిని పట్టుకొచ్చేసరికి తొమ్మిది దాటేది.

నాకు చిరాకేసేది. "అక్కా, హాజరు వెయ్యాలి, సూపర్‌వైజర్ మేడం వస్తే మాటొస్తది" అనేదాన్ని.

"వేద్దువుగానిలే టీచరమ్మా. ఈ బిడ్డ వాళ్లింట్లో దూడ పుట్టిందని చెబుతా ఉంది. యినకపోతే ఎట్టా?"

శిక్షణలో మాకు తారాబాయి మోడక్ గురించి చెప్పారు. గుజరాత్‌లోని భావనగర్‌లో పసిపిల్లల బడి నడిపిన గిజూభాయి బధేకా దగ్గర పనిచేసి, 1945లో మహారాష్ట్ర తీరాన బోర్డీ అనే ఊళ్లో పేదపిల్లల కోసం బాలవాడీ, అంటే చిన్నపిల్లల బడి, మొదలుపెట్టిన మనిషి. పిల్లలు బడికి రాకపోతే బడే వాళ్ల వాకిట్లోకి వెళ్లాలన్నది ఆవిడ పద్ధతి. అంగణమంటే వాకిలి కదా, అంగన్‌వాడీ అన్న పేరు అందులోంచే వచ్చింది. 1975 అక్టోబరు 2న ఐసీడీఎస్ (సమగ్ర శిశు అభివృద్ధి సేవల) పథకం దేశం మొత్తం మీద 33 ప్రాజెక్టులతో మొదలైనప్పుడు మా కేంద్రాలకు ఆ పేరే పెట్టారు. ఇదంతా నేను నోట్సులో రాసుకున్నాను, పరీక్షలో మార్కులు కూడా తెచ్చుకున్నాను. అక్క గేదె దగ్గర ఆగి బిడ్డ మాట వింటుంటే మాత్రం ఆలస్యం చేస్తోందనుకున్నాను.

*

పొగాకు కాలం వస్తే ఊరి తీరు మారిపోయేది. చీకటితోనే ఆడవాళ్లు పచ్చాకు కర్రలకు అల్లే కూలికి వెళ్లేవారు. ఆకును వేడితో ఆరబెట్టే బ్యారన్ల దగ్గర పుల్లల మంట రాత్రీ పగలూ ఆరేది కాదు. ఆకు జిగురు చేతులకు నల్లగా పట్టేది. మధ్యాహ్నం పాలివ్వడానికి తల్లులు పరుగున వచ్చేవారు. అల్లంత దూరంలో కనపడగానే చెంబుతో నీళ్లు, సబ్బు పట్టుకుని ఆవిడ ఎదురెళ్లేది. "చేతులు, రొమ్ము కడుక్కోకుండా బిడ్డని ముట్టుకోబాకు పిల్లా. పొగాకు మనకే తల తిప్పుద్ది, ఆ పసిగుడ్డు ఎట్టా తట్టుకుంటాడే?" అని గద్దించేది. చంటిపిల్లల్ని పెట్టుకోవడం మా కేంద్రం పని కాదు. మాకు రాసిచ్చింది మూడు నుంచి ఆరేళ్ల పిల్లల బడి. కానీ బ్యారన్ దగ్గర చెట్టుకొమ్మకు చీర ఉయ్యాల కట్టి పసివాళ్లను పొగలో వదిలేస్తుంటే చూడలేక, ఆవిడ మూడు ఉయ్యాలలు మా దూలానికి కట్టేసింది. నేను పై అధికారులకు చెప్పలేదు.

బాలింతల దగ్గర ఆవిడ మాట నా మాటకంటే ఎక్కువ చెల్లేది. అప్పట్లో ముర్రుపాలు పిండి పారబోసేవారు. చిక్కగా, పసుపుపచ్చగా ఉంటాయి కాబట్టి అవి చీము లాంటివనుకునేవారు. మూడురోజులు పంచదార నీళ్లు, ఆముదం, తేనె. పుట్టిన గంటలోపే పాలు పట్టించాలి, ఆ పాలే బిడ్డకు తొలి రక్షణ, ఆరు నెలలు నిండేదాకా నీళ్లు కూడా వద్దు అని నేను ఫ్లిప్‌చార్టు తిప్పుతూ చెప్పేదాన్ని. అత్తలు తల ఊపి, నేను గుమ్మం దాటగానే పంచదార నీళ్లు కలిపేవారు. ఒకసారి అక్క నాతో వచ్చింది. బొమ్మల వైపు చూడనైనా లేదు. "ఏమొదినా, మీ గేదె ఈనితే ముందు దూడని వదుల్తావా, పాలు పిండి పారబోస్తావా? దూడ తాగినాకే గదా నువ్వు జున్ను పెట్టుకునేది. దూడపాటి చెయ్యలేదా నీ మనవడు?" ఆ అత్త ఇంకేమీ మాట్లాడలేక కోడలి పక్కన చోటిచ్చింది.

*

ఆవిడ వండింది తినొద్దని చెప్పి పిల్లల్ని పంపే ఇళ్లు నాలుగైదు ఉండేవి. ఆ పిల్లలు గోడవారగా కూర్చునేవారు. ఉప్మా వాసన వస్తుంటే, పక్కవాడు తింటుంటే, చేతులు ఒళ్లో పెట్టుకుని చూసేవారు. నాలుగేళ్ల బిడ్డకు ఆకలినీ పరువునీ ఒకేసారి నేర్పారు ఆ పెద్దలు. నేను వాళ్లిళ్లకు వెళ్లి వాదించాను, బతిమాలాను, ఒకచోట ఏడ్చాను కూడా. ఆవిడ మాత్రం ఒక్కమాట పైకి అనలేదు. వేరుశనక్కాయలు రెండు గుప్పిళ్లు తెచ్చి వాళ్ల ముందు పోసేది. "వలుచుకు తినండి నాయనా, లోపల పప్పుకి నా చెయ్యి తగల్లా."

ఒక వానాకాలం ఆ ఇళ్లల్లోనే ఒక పిల్లకు వాంతులు, విరేచనాలు పట్టుకున్నాయి. కళ్లు లోపలికి పోయాయి, పొట్ట మీద చర్మం పట్టి వదిలితే ముడతలాగే నిలబడింది. నర్సమ్మ పక్క ఊళ్లో ఉంది, వాగు పొంగింది. మా దగ్గర ఓఆర్‌ఎస్ పొట్లం ఒక్కటే మిగిలింది. లీటరు నీళ్లకు ఒక పొట్లం. అదీ అయిపోతే కాచి చల్లార్చిన లీటరు నీళ్లలో తలకొట్టిన ఆరు టీ చెంచాల పంచదార, అర టీ చెంచా ఉప్పు. గ్లాసుతో గటగటా తాగిస్తే వాంతి చేసుకుంటారు, చెంచాతో కొంచెం కొంచెం పోయాలి. ఆ రాత్రి ఆ చెంచా పట్టుకున్నది ఆవిడే. పిల్ల తల్లి అలసి నిద్రపోయింది, నేనూ గోడకానుకుని కునుకు తీశాను. మెలకువ వచ్చినప్పుడల్లా ఆవిడ గొంతే వినపడింది. "ఇది కాకమ్మ గుక్క. ఇది పిచ్చికమ్మ గుక్క. ఇది మీ నాన్న గుక్క, మింగు తల్లీ." తెల్లారేసరికి ఆ పిల్ల ఒంటేలుకు పోసింది. అది చూసి అంత సంబరపడిన రోజు నా ఉద్యోగంలో మరొకటి లేదు.

తర్వాతి సోమవారం ఆ పిల్ల గోడవార నుంచి లేచి వచ్చి బంతిలో కూర్చుంది. ఇంట్లోవాళ్లు పంపారో, దానికదే వచ్చిందో నేను అడగలేదు.

*

నెలనెలా తూకాల రోజు ఏడుపుల రోజు. సాల్టర్ తూకం అని గుండ్రటి గడియారం లాంటిది, కింద కొక్కెం. దాన్ని దూలానికి కట్టి, కొక్కేనికి బిడ్డ కాళ్లు దూర్చే గుడ్డ లాగు తగిలించాలి. ముందు ఖాళీ లాగుతో ముల్లు సున్నా మీదికి తేవాలి, అప్పుడు బిడ్డను ఎక్కించాలి. పసివాళ్లు గాల్లో వేలాడగానే కాళ్లు తన్నుకుని గోల పెట్టేవారు. ముల్లు ఊగుతూనే ఉండేది, నేను చదివే అంకె ఎప్పుడూ అనుమానమే. ఆవిడ ఆ తూకాన్ని దూలం మీది నుంచి వేపకొమ్మకు మార్పించింది. ముందురోజంతా ఆ లాగుతో బొమ్మకు ఉయ్యాల ఊపించింది. మర్నాడు పిల్లలు ఉయ్యాల కోసం వరస కట్టారు.

అప్పటి బరువుల చార్టులో వంపు గీతలు ఉండేవి, గీతను బట్టి బిడ్డ ఎంత బక్కచిక్కిందో చెప్పే గ్రేడు. మూడు, నాలుగు గ్రేడుల పిల్లలకు రెండింతల తిండి పెట్టమనేవారు. తర్వాత ప్రపంచ ఆరోగ్య సంస్థ 2006లో ఇచ్చిన కొత్త ప్రమాణాలతో రంగుల చార్టులు వచ్చాయి. ఆడపిల్లలకు గులాబీ, మగపిల్లలకు నీలం. లోపల పచ్చ, పసుపు, నారింజ పట్టీలు. ఇంకా తర్వాత జబ్బ చుట్టుకొలత టేపు వచ్చింది. ఆరు నెలలు దాటి అయిదేళ్లు నిండని బిడ్డ జబ్బ 11.5 సెంటీమీటర్ల లోపు ఉంటే ఎరుపు, వెంటనే ఆసుపత్రి. రంగులు వచ్చాక ఆవిడకు చార్టు అర్థమైపోయింది. తల్లులకు ఆవిడే చూపించేది. "మీవాడు పసుపులో ఉన్నాడే. ఈ నెల పచ్చలోకి ఎక్కించకపోతే నీ ఇంటికొచ్చి కూచుంటా." పుట్టినప్పటి బరువు అయిదారు నెలలకు రెండింతలు, ఏడాదికి మూడింతలు కావాలన్న లెక్క ఆవిడకు నోటికొచ్చు. ఒక నెల బరువు పెరగకపోతే బిడ్డను కాదు, ఇంటిని చూసేది. తల్లికి జ్వరమా, తండ్రి తాగుతున్నాడా, నానమ్మ ఊరెళ్లిందా.

హైదరాబాదు తార్నాకలోని జాతీయ పోషకాహార సంస్థ తయారుచేసిన పిండి ఒకటి మాకు మీటింగులో నేర్పారు. హైదరాబాద్ మిక్స్ అంటారు. గోధుమలు 40 గ్రాములు, శనగపప్పు 16, వేరుశనగలు 10, బెల్లం 20. ఆ 86 గ్రాముల్లో 330 కేలరీలు, 11 గ్రాముల మాంసకృత్తులు. నేను కాగితం చదువుతుంటే అక్క కిరాణా కొట్టు త్రాసు మీద తూయించి, దాన్ని తన దోసిళ్లలోకీ గుప్పిళ్లలోకీ మార్చుకుంది. వేయించి, విసిరి, డబ్బాల్లో పోసి బక్కపిల్లల ఇళ్లకు తనే పట్టుకెళ్లేది. అక్కడితో వదిలేది కాదు. మొదటి ముద్ద పెట్టడం తల్లికి చేసి చూపించేది. చెంచా వంచితే జారిపోయే పలచటి జావ కుదరదు, చెంచాకు నిలవాలి. పైన నాలుగు చుక్కల నూనె. బిడ్డ నోరు తెరిచినప్పుడే పెట్టాలి, మొహం తిప్పితే ఆగాలి, మాట్లాడాలి. "టీవీ చూపించి కుక్కబాకు, నీ మొహం చూపించి పెట్టు" అనేది, ఊళ్లోకి టీవీలు వచ్చిన కొత్తల్లో.

*

పలక గురించి రాయడం నాకు కష్టం. నేను చేసిన తప్పు అది.

తల్లిదండ్రులు "అఆలు ఎప్పుడు నేర్పుతావమ్మా" అని అడిగేవారు. పట్నంలో కాన్వెంటు పిల్లలు మూడేళ్లకే ఏబీసీడీలు రాస్తున్నారని వినేవారు. నాకూ పట్టుదల వచ్చింది. మూడేళ్లవాళ్ల చేతికి బలపం ఇచ్చి, వేళ్లు పట్టుకుని దిద్దించేదాన్ని. ఒక చిన్నవాడు బలపం పట్టలేక జారవిడిచేవాడు. మూడోసారి జారవిడిచినప్పుడు చేతి మీద కొట్టాను. గట్టిగా కాదు. కానీ వాడు ఆ తర్వాత వారం రోజులు పలక చూస్తే బల్ల కిందికి దూరిపోయేవాడు.

అక్క ఆ వారమంతా నాతో ముభావంగా ఉంది. వాణ్ని మాత్రం పొయ్యి దగ్గరికి తీసుకెళ్లి పక్కన కూర్చోబెట్టుకుంది. వేరుశనక్కాయలు వలిపించింది. కొత్తిమీర తుంచించింది. తడిపిన మట్టితో ఉండలు చేయించింది. చింతగింజలు, సీతాఫలం గింజలు, అంచులు అరగదీసిన గాజుముక్కలు ఒక చేటలో కలిపిపోసి విడదీయమనేది. నల్లవి ఒకచోట, ఎర్రవి ఒకచోట. పెద్దవి, చిన్నవి. "నీ దగ్గర ఎక్కువున్నాయా, నా దగ్గరా?" అని అడిగేది. వాడు వరసలు పేర్చి చూసి, "నీయి" అనేవాడు. వానకాలం వాకిట్లో బురద మీద పుల్లతో గీతలు గీయించింది. కొన్ని నెలలకు వాడు తనంతట తనే బలపం అందుకున్నాడు.

చేతి మణికట్టులో పెద్దవాళ్లకు ఎనిమిది చిన్న ఎముకలుంటాయి. మూడేళ్ల బిడ్డకు వాటిలో చాలావరకు ఇంకా మెత్తటి మృదులాస్థే. ఆ చేతితో చిన్న బలపం పట్టి చిన్న గీతలో అక్షరం ఇరికించమనడం ఎంత అన్యాయమో తర్వాత ఒక శిక్షణలో డాక్టరమ్మ బొమ్మ గీసి చూపించింది. ఆ సాయంత్రం ఊరికి రాగానే ఆవిడకు చెప్పాను. "పిందెని నొక్కితే పండవుద్దా టీచరమ్మా" అని ఊరుకుంది. నన్ను దెప్పలేదు.

అప్పటి నుంచి మా గదిలో ఉదయం గంటన్నర పలకలు బయటికి వచ్చేవి కావు. కథలు, దాగుడుమూతలు, వామనగుంటలు, అగ్గిపెట్టెల రైలు, ఆకులు పోల్చడం. ఒకే కథ పదిరోజులు చెప్పేవాళ్లం. పదో రోజు పిల్లలే చెప్పేవారు, మేం తప్పు చెబితే సరిదిద్దేవారు. "ఏమీ నేర్పడంలేదు, ఆడిస్తున్నారు" అన్నవాళ్లు అన్నారు.

*

సంధ్యవేళ తడుముకునే పిల్లలు ఆ రోజుల్లో ఉండేవారు. రేచీకటి. ఒకమ్మాయి చీకటిపడగానే గడప తన్నుకుని పడేది, పరాకుమనిషని తిట్టేవారు. కంటి తెల్లగుడ్డు మీద నురగ లాంటి మచ్చ కనిపెట్టి నర్సమ్మ విటమిన్ ఎ ద్రావణం పట్టింది. తొమ్మిదో నెలలో లక్ష యూనిట్లు, తర్వాత అయిదేళ్లు నిండేదాకా ఆరు నెలలకోసారి రెండు లక్షలు. ఆ చెంచా తెచ్చిన మార్పు కళ్లారా చూశాక అక్క వసారా పక్కన రెండు బొప్పాయి మొక్కలు, ఒక మునగకొమ్మ నాటింది. ఉప్మాలో మునగాకు పడని రోజుండేది కాదు.

పోలియో చుక్కల ఆదివారాలు పండగల్లా జరిగేవి. 1995లో దేశమంతటా మొదలైన కొత్తల్లో, చుక్కలేస్తే పిల్లలు పుట్టరని పుకారు లేచి జనం తలుపులేసుకున్నారు. ఆవిడ తన మనవణ్ని ఎత్తుకుని వీధి మధ్యలో నిలబడి అందరూ చూస్తుండగా మొదటి చుక్క వేయించింది. 2014 మార్చిలో దేశానికి పోలియో లేదని ధ్రువపత్రం వచ్చినప్పుడు ఆవిడ రిటైరై ఇంట్లో ఉంది. వెళ్లి చెప్పాను. "ఇంక ఎవరి కాలూ పోదన్నమాట" అని కాళ్లు చాపుకుని కూర్చుంది.

*

ఇంకొక పిల్లవాడి సంగతి ఉంది.

మూడేళ్లు దాటినా మాటలు రాలేదు. ఊళ్లో మొండివాడన్నారు. నేను నా రిజిస్టరులో 'నెమ్మదస్తుడు' అని రాసుకున్నాను. వాడు అల్లరి చేయడు, చెప్పినచోట కూర్చుంటాడు, ముప్పైమంది ఉన్న గదిలో అలాంటివాడు ఉంటే సంతోషమే కదా అనుకున్నాను. ఆరో నెలకల్లా బిడ్డ చప్పుడైన వైపు తల తిప్పాలని, ఏడాదికి ఒకటి రెండు మాటలు, రెండేళ్లకు రెండు మాటలు కలిపి అనాలని నా పుస్తకంలోనే ఉంది.

"టీచరమ్మా, వాడు నా మొహం చూస్తేనే నవ్వుతున్నాడు. వెనక నుంచి పిలిస్తే ఉలకడు" అంది అక్క. ఒక మధ్యాహ్నం వాడు బల్ల దగ్గర చింతగింజలు వరస పేరుస్తుంటే, వాడి వెనకాల నిలబడి చేతిలోని స్టీలు పళ్లాన్ని బండమీద పడేసింది. పిల్లలందరూ అదిరిపడ్డారు. ఒక చంటిది కెవ్వుమంది. వాడు ఇంకో గింజ తీసి వరసలో పెట్టాడు.

రెఫరల్ స్లిప్పు రాసి, వాళ్లమ్మతో పాటు ఒంగోలు పెద్దాసుపత్రికి వెళ్లాం. రెండు చెవులూ పుట్టుక నుంచీ పనిచేయడంలేదన్నారు. ఇప్పుడైతే పుట్టిన కొద్దిరోజులకే చెవి పరీక్ష చేసే యంత్రాలున్నాయి. ఆరు నెలల్లోపు కనిపెట్టి సాయం మొదలుపెడితే బిడ్డ భాష చాలావరకు నిలబడుతుంది. మాకు తెలిసేసరికి వాడికి మూడున్నరేళ్లు. అందులో చివరి ఏడాది నా కళ్ల ముందే గడిచింది. బస్సులో వస్తుంటే నేను కిటికీలోంచి బయటికే చూస్తూ కూర్చున్నాను.

ఆవిడ మర్నాడే వాణ్ని పిలిచే పద్ధతి కనిపెట్టింది. వాడు కూర్చునే చెక్కబల్ల మీద అరచేత్తో రెండుసార్లు చరిచేది. బల్ల అదిరితే వాడు తల తిప్పేవాడు. తిప్పగానే ఆవిడ మొహం కనిపించేది. అయిదు వేళ్లూ కలిపి నోటి దగ్గర పెడితే బువ్వ. అదే చెయ్యి బుగ్గ మీద ఆనిస్తే బువ్వమ్మ. నెల తిరక్కుండా ముప్పైమంది పిల్లలూ వాడితో చేతులతో మాట్లాడుతున్నారు. ఆరో ఏట బధిరుల పాఠశాలలో చేర్చేనాటికి వాడికి చాలా సంగతులు చెప్పడం వచ్చు. వెళ్లేరోజు బస్సు దగ్గర బుగ్గ మీద చెయ్యి పెట్టుకుని ఏడ్చాడు.

*

నేను రిటైరయ్యే ముందు ఏడాది ఒక సమావేశంలో జమైకా దేశంలో చేసిన అధ్యయనం గురించి చెప్పారు. కింగ్‌స్టన్‌లో 1986, 87 సంవత్సరాల్లో, ఎదుగుదల కుంటుపడిన 129 మంది పేదపిల్లల్ని తీసుకున్నారు. అందరూ రెండేళ్లలోపువాళ్లు. కొందరికి పాలపిండి లాంటి అదనపు ఆహారం ఇచ్చారు. కొందరి ఇళ్లకు వారానికోసారి ఆరోగ్య కార్యకర్త వెళ్లి, ఇంట్లో దొరికేవాటితో చేసిన బొమ్మలతో గంటసేపు బిడ్డతో ఎలా ఆడాలో, ఎలా మాట్లాడాలో తల్లికి చూపించింది. కొందరికి రెండూ, కొందరికి ఏదీ లేదు. ఇలా రెండేళ్లు. ఇరవయ్యేళ్ల తర్వాత వెళ్లి చూస్తే, ఆటా మాటా అందిన పిల్లలు పెద్దయ్యాక అందనివాళ్లకంటే 25 శాతం ఎక్కువ సంపాదిస్తున్నారట. ఒట్టి పాలపిండి మాత్రమే అందినవాళ్లలో అంత తేడా నిలవలేదట.

నా చుట్టూ అందరూ రాసుకుంటున్నారు. నాకు మాత్రం గేదె దగ్గర ఆగిపోయిన నడక, "ఇది పిచ్చికమ్మ గుక్క" అన్న గొంతు, చేటలో గింజలు గుర్తొచ్చాయి. మా రిజిస్టర్లలో రవ్వకు గడి ఉంది, నూనెకు గడి ఉంది, బరువుకు, టీకాకు, హాజరుకు గడులున్నాయి. ఆవిడ ఆ ఇరవై మూడేళ్లలో పిల్లలతో ఆడిన మాటకు ఎక్కడా గడి లేదు. అందుకే ఎప్పుడు ఖర్చు తగ్గించాలన్నా, మనుషుల్ని తగ్గించాలన్నా, ముందు ఆయాల వైపే చూసేవారు.

*

పదకొండో రోజు ఆదరణ కూడికకు వెళ్లాను. కేంద్రానికి ఇప్పుడు సొంత భవనం ఉంది, గోడల నిండా రంగుల బొమ్మలు. కొత్త టీచరు ఫోనులో పోషణ్ ట్రాకర్ అనే పిల్లల వివరాల యాప్ నింపుకుంటోంది, నన్ను చూసి లేచి కుర్చీ వేసింది. మంచి పిల్ల. పాత పెంకుటి గది సగం కూలింది. వేపచెట్టు ఉంది. మునగచెట్టు పెంకుల మీదికి వాలి, కాయలు కాసి ఉంది.

బువ్వమ్మ ఇంటి ముందు టెంటు వేశారు. ప్రార్థన అయ్యాక వడ్డన. అప్పట్లో వాంతులొచ్చి బతికిన పిల్ల వచ్చింది, కడుపుతో ఉంది, ఏడో నెల. వాళ్లమ్మను కూడా వెంటబెట్టుకొచ్చింది. ఇద్దరూ బంతిలో కూర్చుని ఆ ఇంట్లో వండిన అన్నం కడుపునిండా తిన్నారు.

నేను తినలేక, పక్కకు వచ్చి అరుగు మీది బల్ల మీద కూర్చున్నాను. ఆ గది పడిపోయినప్పుడు అక్క తన ఇంటికి తెచ్చిపెట్టుకుందట దాన్ని. అంచులు అరిగిపోయాయి, ఒక చివర మేము మేకుతో గీసిన ఒకటి నుంచి పది ఇంకా కనిపిస్తున్నాయి. వేలితో వాటిని తడుముతూ ఎంతసేపు తల వంచుకుని ఉన్నానో తెలియదు.

బల్ల రెండుసార్లు అదిరింది.

తల తిప్పాను. చేతిలో గ్లాసు మజ్జిగ పట్టుకుని, గడ్డం పెంచిన పొడుగాటి మనిషి నా పక్కన కూర్చుని ఉన్నాడు. గ్లాసు నాకిచ్చి, వేళ్లన్నీ కలిపి నోటి దగ్గర పెట్టి, తర్వాత ఆ చేతిని బుగ్గకు ఆనించుకున్నాడు.